బాయి బట్టలు, బజారు బట్టలు

ఒంటి మీది బట్టను సమాజం గీసిన హద్దుగా చూసి, ఆ హద్దును ఎవరు గీశారు, ఎవరు దాటారు అని అడిగిన పండితుల్లో అమెరికన్ సామాజిక శాస్త్రవేత్త డయానా క్రేన్ ముఖ్యురాలు. పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో బోధించిన ఆమె 2000లో వెలువరించిన ‘ఫ్యాషన్ అండ్ ఇట్స్ సోషల్ ఎజెండాస్’ గ్రంథంలో, పై వర్గాలను చూసి కింది వర్గాలు కట్టు మార్చుకునే ‘వర్గ ఫ్యాషన్’ పోయి, ఎవరి అభిరుచిని బట్టి వారు ఎంచుకునే ‘వినియోగదారు ఫ్యాషన్’ ఎలా వచ్చిందో వివరించారు. జెండర్ అంటే స్త్రీ ఇలా మెలగాలి, పురుషుడు అలా మెలగాలి అని సమాజం పెట్టిన కట్టుబాటు. అది కూలింటి స్త్రీకి ఒక తీరుగా, దొరింటి స్త్రీకి మరో తీరుగా వర్తిస్తుంది కాబట్టి వర్గాన్ని వదిలి జెండర్‌ను చదవడం కుదరదు. సింగరేణి బొగ్గు గనులున్న గోదావరిఖని, రామగుండం ప్రాంతాన్ని ఈ చూపుతో చదవవలసిన అవసరం ఎంతైనా ఉంది.

క్రేన్ చర్చించిన వస్త్రాల్లో జీన్స్ ఒకటి. జేబుల మూలలు బరువుకు చిరిగిపోకుండా రాగి రివెట్లు బిగించే పద్ధతికి నెవాడా దర్జీ జేకబ్ డేవిస్, శాన్‌ఫ్రాన్సిస్కో వర్తకుడు లెవీ స్ట్రాస్ కలిసి 1873 మే 20న పేటెంటు పొందారు. గని కార్మికులు, కాయకష్టం చేసేవారు తొడిగిన ఆ ముతక ప్యాంటు తరువాత సినిమాల ద్వారా యువతకు, అక్కడి నుంచి ఖరీదైన బ్రాండ్లకు చేరింది. గోదావరిఖని లక్ష్మీనగర్ దుకాణాల్లో ఇప్పుడు కార్మికుల పిల్లలు అదే జీన్స్‌ను పండుగ బట్టగా కొనుక్కుంటారు. తండ్రి బాయికి (కోల్‌బెల్టులో గనిని అలాగే అంటారు) తొడుక్కుపోయే జతను మాత్రం ఇంట్లో ఎవరూ బట్టల లెక్కలో వేయరు. కుటుంబాన్ని పోషించే బట్టకు కుటుంబంలోనే గౌరవం లేకపోవడం చిన్న విషయం కాదు.

ఆ పనిబట్టను కాస్త దగ్గరగా చూడాలి. భూగర్భ గనిలోకి దిగే మనిషి నడుముకు గట్టి బెల్టు ఉండాలి. క్యాప్ ల్యాంప్ బ్యాటరీ ఆ బెల్టుకే వేలాడుతుంది, దాని తీగ వీపు మీదుగా హెల్మెట్ దాకా పోతుంది. గాలి విషతుల్యమైనప్పుడు ఊపిరి నిలబెట్టే సెల్ఫ్ రెస్క్యూయర్ అనే డబ్బా కూడా ఆ బెల్టుకే ఉంటుంది. కదిలే కన్వేయర్ బెల్టు, తిరిగే చక్రం, లాగే రోప్ ఉన్నచోట వేలాడే కొంగు, చున్నీ ప్రాణానికే ముప్పు. అంటే స్త్రీ గనిలోకి దిగడమన్నది చట్టంతోపాటు బట్టకు సంబంధించిన ప్రశ్న కూడా. ఇంగ్లండులో 1842 చట్టం స్త్రీలను భూగర్భం నుంచి తప్పించాక, విగన్ ప్రాంతంలో గని ఒడ్డున బొగ్గు ఏరిన స్త్రీలు పొట్టి లంగా కింద ప్యాంటు తొడిగితే అది స్త్రీత్వానికే భంగమని పెద్దలు గగ్గోలు పెట్టారు. ఆ పని నుంచి కూడా తమను తొలగించే ప్రయత్నం జరిగినప్పుడు ఆ స్త్రీలు 1887లో లండన్ వెళ్లి వాదించి తమ కూలిని కాపాడుకున్నారు.

మన దేశంలో 1952 గనుల చట్టం 46వ సెక్షన్ స్త్రీలకు భూగర్భాన్ని మూసివేసింది. 2019 జనవరిలో కేంద్రం ఇచ్చిన సడలింపు స్త్రీలకు గని తలుపులు తెరిచినట్టు కనిపించింది గానీ, అందులోని వర్గ గీతను గుర్తించడం అవసరం. ఉదయం 6 నుంచి సాయంత్రం 7 వరకు, రాతపూర్వక సమ్మతితో, సాంకేతిక, పర్యవేక్షణ, నిర్వహణ పనులకు మాత్రమే ఆ సడలింపు వర్తించింది. మైనింగ్ డిగ్రీ చదివిన అమ్మాయికి దారి దొరికింది. తండ్రి లేదా భర్త స్థానంలో కారుణ్య నియామకం కింద జనరల్ మజ్దూర్‌గా చేరిన స్త్రీ ఉపరితలం మీదే ఉండిపోయింది. స్త్రీలు అన్ని రకాల పనులూ చేయవచ్చని 2020 నాటి వృత్తి భద్రతా కోడ్ చెప్పాక కూడా, పురుషుడి కొలతలకు కుట్టిన యూనిఫాం, పురుషుడి పాదానికి పోసిన బూటు ఆమె చేతికివ్వడం న్యాయం కాదు. సింగరేణి సేవా సమితి కార్మికుల ఇళ్లలోని ఆడవాళ్లకు ఎంతోకాలంగా కుట్టుపని నేర్పిస్తున్నది. ఆ కుట్టు జాకెట్ల దగ్గరే ఆగిపోకుండా స్త్రీ కార్మికుల పనిబట్టల దాకా రావాలి.

వర్గ గీత పండుగ బట్టల్లో మరింత స్పష్టం. 2023–24 లాభాల్లో పెట్టుబడులకు పక్కన పెట్టగా మిగిలిన దానిలో 33 శాతంగా 796 కోట్ల రూపాయలను సింగరేణి కార్మికులకు వాటాగా ప్రకటించినప్పుడు పర్మినెంటు కార్మికుడికి సగటున 1.90 లక్షలు వచ్చాయి. కాంట్రాక్టు కార్మికులకు తొలిసారిగా ఇచ్చినది తలా 5,000. ఒకే బొగ్గు దుమ్ములో పనిచేసిన ఇద్దరు దసరాకు ఒకే బజారుకు వెళ్లినా ఒకే దుకాణం మెట్లెక్కలేరు. క్రేన్ చెప్పిన వినియోగదారు ఫ్యాషన్‌లోని స్వేచ్ఛ జేబు నిండిన వారికే చెల్లుతుందన్న సందేహాన్ని ఈ అంకెలు గట్టిపరుస్తాయి. ఆ విషయంలో ఆమె సిద్ధాంతం కోల్‌బెల్టుకు పూర్తిగా సరిపోదు.

సిద్ధాంతం కన్నా ఆమె ఆధారపడిన వనరు ఇక్కడ ఎక్కువ విలువైనది. పందొమ్మిదో శతాబ్దంలో ఫ్రెడెరిక్ ల ప్లే, ఆయన అనుచరులు కార్మికుల ఇళ్లకు వెళ్లి ఎవరికి ఎన్ని చొక్కాలు, ఎన్ని జతల చెప్పులు, ఏది ఎంత ఖరీదు అని రాసుకున్న పట్టికలను ఆమె తన పరిశోధనకు వాడుకున్నారు. ఆ ల ప్లే స్వయంగా మైనింగ్ ఇంజినీరు. 1889 నుంచి బొగ్గు తవ్వుతున్న సింగరేణిలో మైనింగ్ ఇంజినీర్లకు కొదవ లేదు, కరీంనగర్‌లో శాతవాహన విశ్వవిద్యాలయమూ ఉంది. యైటింక్లైన్ కాలనీలో కొన్ని క్వార్టర్లు, కాంట్రాక్టు కార్మికులు అద్దెకుండే కొన్ని గదులు ఎంచుకుని అలాంటి పట్టికలు ఇప్పుడే రాయడం మొదలుపెట్టాలి: కంపెనీ ఇచ్చినది ఏది, వాటా డబ్బుతో కొన్నది ఏది, ప్రభుత్వం పంచిన బతుకమ్మ చీర ఎవరు కట్టారు, ఎవరు పనిమనిషికి ఇచ్చారు, ఇంటిల్లిపాదికీ కొన్నాక ఇల్లాలికి మిగిలినది ఎంత, డ్యూటీకి వెళ్లే కూతురి ప్యాంటు ఎవరు కుట్టారు.