‘బీచుపల్లి’ అనే నామానికి అర్థం లేదా?

కృష్ణానదికి దక్షిణతీరాన, నడిగడ్డ ముఖద్వారంలో వెలసిన ఆంజనేయక్షేత్రం బీచుపల్లి. హైదరాబాదు నుండి కర్నూలుకు పోయే రాజమార్గం కృష్ణను దాటేది ఇక్కడే. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతాలలో ఈ క్షేత్రనామమే పురుషనామం కూడా. సంతానార్థులైన దంపతులు స్వామికి మ్రొక్కుకొని, పుట్టిన మగబిడ్డకు ‘బీచుపల్లి’ అనో ‘బీచుపల్లయ్య’ అనో పేరు పెట్టుకోవడం అక్కడి పూర్వాచారం. ఆ సీమ దాటితే ఈ పేరు అరుదు. ఈనాడు ఆ సీమలోనే అరుదవుతున్నది.

నామకరణవేళ తాత ‘బీచుపల్లి’ అంటాడు. తండ్రి తల వంచుకొంటాడు. తల్లి చేతిలోని ఫోనులో వేరొక జాబితా సిద్ధంగా ఉంటుంది. పీటమీది పురోహితుడు, "ఆ పేరుకు అర్థం లేదు, శాస్త్రీయమైనది చూద్దాం" అని తీర్పు చెబుతాడు. తల్లిదండ్రుల సంకోచం లోకభయం వలన కలిగినది, కనుక క్షమింపదగినది. పురోహితుని వాక్యం మాత్రం శాస్త్రం పేరిట పలికిన అశాస్త్రం. దానిని ఖండింపక తప్పదు.

ఆక్షేపణలు నాలుగు. పదానికి వ్యుత్పత్తి లేదు కనుక అర్థం లేదనేది మొదటిది. గృహ్యసూత్రలక్షణాలకు ఒదగదనేది రెండవది. ఊరిపేరు మనిషిపేరు కాజాలదనేది మూడవది. బాలుడు పాఠశాలలో నవ్వులపాలవుతాడనేది నాలుగవది. ఒక్కొక్కటిగా విచారించాలి.

వ్యుత్పత్తి లేనిదే అర్థం లేదనే మాట శాస్త్రపరిచయం ఉన్నవారు అనదగినది కాదు. నామాలన్నీ ధాతుజాలేనా అనే వివాదం యాస్కుని నిరుక్తం నాటికే ఉన్నది. శాకటాయనుడు అన్నీ ధాతుజాలే అన్నాడు; గార్గ్యుడూ, వైయాకరణులలో కొందరూ అన్నీ కావన్నారు. పతంజలి మహాభాష్యంలో జాతి, గుణ, క్రియాశబ్దాలతోపాటు యదృచ్ఛాశబ్దాలనే నాలుగవ విభాగాన్ని చెప్పాడు. పేరు పెట్టినవాని ఇచ్ఛ తప్ప మరొక ప్రవృత్తినిమిత్తం లేని సంజ్ఞలు అవి. ‘డిత్థ’ అనే పేరును వ్యాకరణాలంకారగ్రంథాలు ఇందుకు ఉదాహరణగా చూపుతూనే ఉన్నాయి. డిత్థుడు అనగానే ఆ పురుషుడు బోధపడుతున్నాడు. ఆ బోధే ఆ శబ్దానికి అర్థం. డిత్థునికి ఉన్న అధికారం బీచుపల్లికి లేకపోవడానికి కారణమేమి?

ఇంతకంటె బలమైన ప్రమాణం పూర్వమీమాంసలో ఉన్నది. వేదంలో పిక, నేమ, తామరసాది పదాలు కనిపిస్తాయి. ఆర్యవ్యవహారంలో వాటి అర్థం ప్రసిద్ధం కాదు, మ్లేచ్ఛవ్యవహారంలో ప్రసిద్ధం. అటువంటి చోట నిరుక్తవ్యాకరణాల బలంతో కొత్త అర్థం కల్పించాలా, ఆ పదాన్ని వాడేవారి వ్యవహారాన్నే గ్రహించాలా అని జైమినీయంలో ఒక అధికరణమే నడిచింది. వాడేవారి అర్థమే గ్రాహ్యమని సిద్ధాంతం. పికమంటే కోకిల, నేమమంటే సగం, తామరసమంటే పద్మం అని ఆ వ్యవహర్తల నుండే తెలుసుకోవాలి. సాక్షాత్తు వేదపదానికే విధించిన ఈ న్యాయం ఒక పల్లెబాలుని పేరుకు వర్తించదనడం సాహసం.

ఇదే అధికరణంలో, 7వ శతాబ్ది ప్రాంతపు కుమారిలభట్టు తంత్రవార్తికంలో చేసిన పరిహాసం దక్షిణదేశీయులు అందరూ గుర్తుంచుకోదగినది. ద్రావిడభాషలో అన్నాన్ని ‘చోర్’ అంటే దానిని ‘చోర’ శబ్దంగాను, పామును ‘పాంప్’ అంటే ‘పాప’ శబ్దంగాను, కడుపును ‘వైర్’ అంటే ‘వైరి’ శబ్దంగాను మార్చి అర్థాలు కల్పించేవారిని ఆయన ఎత్తిపొడిచాడు. పొరుగుననే ఉన్న ద్రావిడపదాలకే ఈ గతి పట్టిస్తే పారసీక, యవనాది భాషలకు ఇంకేమి చేస్తారో అని ఆశ్చర్యపడ్డాడు. దేశిపదాన్ని బలవంతంగా సంస్కృతీకరించడం సంస్కృతానికి సేవ కాదని పదమూడు శతాబ్దాలకు పూర్వమే ఒక మహామీమాంసకుడు తేల్చివేశాడు. కనుక బీచుపల్లిని ‘బీజపల్లి’గా దిద్ది గౌరవం కల్పించబోయే పండితుడూ, అర్థం లేదని త్రోసిపుచ్చే పురోహితుడూ ఒకే దోషానికి రెండు ముఖాలు. ఆ నామాన్ని ధరించేవారిని అడగాలనే సంగతిని ఇద్దరూ మరచారు.

అడిగితే వారు చెప్పేది స్థలప్రతీతి. ఇక్కడి ఆంజనేయమూర్తిని ప్రతిష్ఠించినవారు వ్యాసరాయలవారు. ప్రతిష్ఠానంతరం అర్చకుడెవరనే ప్రశ్న వచ్చినప్పుడు, మరునాటి ప్రాతఃకాలంలో స్వామి సన్నిధికి మొదట ఎవరు వస్తారో వారే అర్చకులని యతీంద్రులు నిర్ణయించారట. వచ్చినవాడు ఒక బోయబాలుడు. ఆ బాలుని పేరే క్షేత్రానికి నిలిచింది. అర్చకత్వం ఆ వంశానికి దక్కింది. ‘బీచుపల్లి’ అనే శబ్దానికి సంప్రదాయం ఇచ్చే అర్థం ఇది: తెల్లవారకముందే లేచి స్వామి ఎదుట మొదట నిలబడినవాడు. ఏ నిఘంటువు ఇంతకంటె మంచి అర్థం ఇవ్వగలదు?

ఇక రెండవ ఆక్షేపణ. పురుషనామం రెండక్షరాలదో నాలుగక్షరాలదో కావాలని, ఘోషాక్షరంతో మొదలు కావాలని, నడుమ య ర ల వ అనే అంతస్థాలలో ఒకటి ఉండాలని, చివర దీర్ఘమో విసర్గమో రావాలని గృహ్యసూత్రాలు విధించాయి. బీ, చు, ప, ల్లి అని అక్షరాలు నాలుగు. మొదటిది బకారం, ఘోషవర్ణం. లోపల లకారం, అంతస్థం. చివర మాత్రం హ్రస్వం. సంస్కృతంలో ‘పల్లీ’ అనే దీర్ఘాంతరూపం ఉన్నదని చూపి ఈ లోపాన్నీ పూడ్చవచ్చు గాని, పైన ఖండించిన పనినే మరల చేసినట్లవుతుంది. లోపాన్ని లోపంగానే ఒప్పుకోవడం మేలు. నాలుగు లక్షణాలలో మూడు ఉన్నాయి.

ఇప్పుడు అదే కొలతను సభ్యనామాలకు వేసి చూడాలి. కృష్ణ, శివ, శ్రీనివాస, సత్యనారాయణ, పద్మనాభ: ఇవన్నీ అఘోషవర్ణంతో ఆరంభమైనవే, మొదటి లక్షణం దగ్గరే తప్పుతాయి. ఏ పురోహితుడైనా ఈ పేర్లను అశాస్త్రీయమని నిరాకరించాడా? నిరాకరించడు, నిరాకరింపకూడదు కూడా. భగవన్నామం అయినప్పుడు అక్షరలక్షణం గౌణమని శిష్టాచారమే చెబుతున్నది. ఆ ఉదారత పద్మనాభునికి వర్తించి బీచుపల్లికి వర్తించదంటే, ఆ భేదం సూత్రంలో లేదు, చూచేవారి మనస్సులో ఉన్నది.

జన్మనక్షత్రపాదాన్ని బట్టి మొదటి అక్షరం కుదరలేదనే అభ్యంతరమూ ఉన్నది. నక్షత్రనామం వేరు, వ్యావహారికనామం వేరు. ఆపస్తంబుడు నక్షత్రనామాన్ని రహస్యంగా ఉంచమన్నాడు. రహస్యంగా ఉండవలసిన నామాక్షరాన్ని బడి హాజరుపట్టీకి ఎక్కించాలని పట్టుబట్టడం విధి కాదు, విధివిస్మరణం.

ఫోనులోని జాబితాల మాట కూడా చూడాలి. ‘ఆరవ్’ అంటే ప్రశాంతుడని అవి చెబుతాయి. సంస్కృతంలో ఆరవమంటే ధ్వని, అరుపు. ‘అనయ్’ అంటే తనకు పైవాడు లేనివాడని వ్రాస్తాయి. అనయమంటే దుర్నీతి, ఆపద. ‘రియాంశ్’ అంటే విష్ణ్వంశ అని కొన్నిచోట్ల, సూర్యకిరణమని మరికొన్నిచోట్ల కనిపిస్తుంది. ‘రియా’ అనే ప్రాతిపదికమే సంస్కృతంలో లేదు. ఈ పేర్లు ధరించిన బాలుర తప్పు ఇందులో ఏమీ లేదు. వారిపట్ల వాత్సల్యమే ఉండాలి. ప్రశ్న పెద్దలకు: కల్పితార్థం కలిగిన అసంస్కృతపదం శాస్త్రీయమై, మ్రొక్కుతో, నదితో, మూర్తితో ముడిపడిన సంజ్ఞ అర్థరహితం ఎట్లయింది?

మూడవ ఆక్షేపణకు దీర్ఘసమాధానం అక్కరలేదు. చిదంబరం, అరుణాచలం, సింహాచలం, భద్రాచలం, తిరుపతి, యాదగిరి, శ్రీశైలం: ఇవన్నీ క్షేత్రనామాలే, పురుషనామాలే. క్షేత్రాన్ని పిలిస్తే క్షేత్రాధిపతిని పిలిచినట్లే అనే భావం వీటికి మూలం. అజామిళుడు అంత్యకాలంలో పిలిచింది కుమారుణ్ణి, పలికింది నారాయణుడు. బిడ్డకు స్వామి పేరు పెట్టడంలోని ప్రయోజనం ఈ ఉపాఖ్యానంతో స్పష్టం. బీచుపల్లి విషయంలో మరొక విశేషం కూడా ఉన్నది. ప్రతీతి ప్రకారం ఊరిపేరు మనిషికి రాలేదు; మనిషిపేరు ఊరికి నిలిచి, ఊరి నుండి మరల మనుషులకు చేరుతున్నది. ఒక బాలునితో మొదలైన నామం బాలుర చెంతకే తిరిగి వస్తున్నది.

నాలుగవ ఆక్షేపణ లౌకికమైనది, కాని తేలికైనది కాదు. నగరపాఠశాలలో ఈ పేరు వినగానే సముద్రపు ‘బీచ్’ అని నవ్వే తోటిపిల్లలు ఉంటారు. పలకలేక కుదించే ఉపాధ్యాయులు ఉంటారు. ఎనిమిదేళ్ల వయస్సులో అది బాధే. అయితే నవ్వినవారి అజ్ఞానానికి ప్రాయశ్చిత్తం పేరుగలవాడు చేసుకోవాలా? పేరు వెనుకనున్న కథ తెలిసిన పిల్లవాడు ఆ నవ్వుకు బదులు చెప్పగలడు. కథ చెప్పకుండా పేరు మాత్రమే పెట్టిన ఇంటిలో పిల్లవాడు నిరాయుధుడు. లోపం పేరులో లేదు, కథ చెప్పని పెద్దలలో ఉన్నది.

ఈ నాలుగింటి క్రింద పైకి చెప్పని అయిదవ ఆక్షేపణ ఒకటి దాగి ఉన్నది. ఇది మోటుపేరు, ‘వారి’ పేరు అనే భావం అది. దీనికి సమాధానం వ్యాసరాయలవారి జీవితమే. న్యాయామృత, తాత్పర్యచంద్రిక, తర్కతాండవాలు రచించిన మహాతార్కికుడు ఆయన. శ్రీకృష్ణదేవరాయల కాలంలో విజయనగరంలో పూజలందుకొన్న యతి. 732 ఆంజనేయమూర్తులను ప్రతిష్ఠించారని ప్రసిద్ధి. కురుబకులంలో పుట్టిన కనకదాసును శిష్యునిగా స్వీకరించిన గురువు. 1539లో ఆయన తనువు చాలిస్తే, ఆనెగొంది దగ్గర తుంగభద్ర నడుమ ద్వీపంలో బృందావనం వెలసింది. అంతటి శాస్త్రవేత్త, ఎదుటికి వచ్చిన బోయబాలుని పేరుకు వ్యుత్పత్తి అడిగినట్లు ఏ కథా చెప్పదు. అడగకుండానే అర్చకత్వం అప్పగించాడు. శ్రీకాళహస్తిలో తిన్నడు కన్నప్ప అయ్యాడు. రామకథ చెప్పిన వాల్మీకిని బోయలు తమ మూలపురుషునిగా కొలుస్తారు. ఆ వాల్మీకి కీర్తించిన హనుమంతుని సన్నిధిలో బోయపేరు మోటదని ముఖం తిప్పుకొనేవాడు, ఆ గుడిలో తీర్థం పుచ్చుకొనేటప్పుడు ఎవరి చేతినుండి పుచ్చుకొంటున్నాడో ఒకసారి చూడాలి.

అన్నింటికంటె ముఖ్యమైనది సత్యం. ‘బిడ్డ పుడితే నీ పేరు పెట్టుకొంటాం’ అని కృష్ణాతీరంలో తడిబట్టలతో చెప్పినది మ్రొక్కు. మ్రొక్కు ఋణం. బిడ్డ పుట్టినతరువాత జాబితా తెరచి పేరు మార్చుకోవడం ఆ ఋణాన్ని ఎగవేయడం. ఆ ఎగవేతకు శాస్త్రాన్ని సాక్షిగా నిలబెట్టడం మరింత దోషం.

మార్గం లేకపోలేదు. ధర్మసింధువు దేవతానామం, మాసనామం, నక్షత్రనామం, వ్యావహారికనామం అని నాలుగు నామాలు చెబుతున్నది. లోకభయం వీడలేని తండ్రి బడికి మరొక పేరు వ్రాయించుకోవచ్చు. దేవతానామస్థానంలో మాత్రం మ్రొక్కిన పేరు నిలపాలి. ధైర్యమున్న తండ్రి రెండుచోట్లా అదే నిలుపుతాడు. పురోహితుని కర్తవ్యం ఇంతవరకు తెలియజెప్పడం. పేరుకు విలువ కట్టే అధికారం అతనికి లేదు.

పళ్ళెంలో బియ్యం పోసి, బంగారు ఉంగరంతో తండ్రి వ్రాసేటప్పుడు ఆ నాలుగు అక్షరాలకూ చోటు సరిపోతుంది. వ్రాసినవాడు బిడ్డ కుడిచెవిలో పలకాలి. పలికేటప్పుడు గొంతు తగ్గించనక్కరలేదు.

స్వస్తి.