దొర లేని కథకు థియేటర్ ఇవ్వరా?

బానిసల చరిత్ర చెప్పాలన్నా హాలీవుడ్‌కు నడుమ ఒక తెల్ల దొర కావాలి. అమెరికా అంతర్యుద్ధంలో యూనియన్ పక్షాన సుమారు 1,80,000 మంది నల్ల సైనికులు పోరాడారు. 1989లో వాళ్ల మీద ‘గ్లోరీ’ తీస్తే కథ ఎవరి చుట్టూ తిరిగింది? వాళ్లను నడిపిన తెల్ల కల్నల్ చుట్టూ! ఇది యాదృచ్ఛికమంటే నమ్మేంత అమాయకులం కాదు మేం. లింకన్ సంతకం పెడితే స్వేచ్ఛ వచ్చిందని పిల్లలకు చెబుతారు. 1791లో హైతీ బానిసలు, 1831లో వర్జీనియాలో నాట్ టర్నర్ ఎవరి సంతకం కోసం ఎదురుచూశారు?

ఈ ప్రశ్నను తెరమీదికి తెచ్చినవాడు హైలే గెరీమా. 1946లో ఇథియోపియాలో పుట్టాడు. తండ్రి నాటక రచయిత. 1967లో అమెరికా చేరి, ఆ తర్వాత వాషింగ్టన్‌లోని హోవార్డ్ యూనివర్సిటీలో ఏళ్ల తరబడి సినిమా పాఠాలు చెప్పాడు.

1993లో వచ్చిన ఆయన ‘సంకోఫా’ చూడాలి. ఆ మాటకు ఘనాలోని అకాన్ భాషలో ‘వెనక్కి వెళ్లి తెచ్చుకో’ అని అర్థం. బానిసలను ఓడలకెక్కించిన కేప్ కోస్ట్ కోటలో ఒక మోడల్ ఫొటోలు దిగుతుంటుంది. ఆ కోటే ఆమెను మింగి, తోటలో బానిసగా తేల్చుతుంది. ఇక్కడ రక్షించే దొర రాడు. బానిసలే రాత్రిళ్లు కూడబలుక్కుంటారు, వాళ్లే తిరగబడతారు. అట్లని అందరినీ వీరులుగా చూపించి చేతులు దులుపుకోలేదు గెరీమా. దొర కొరడా పట్టి సొంతవాళ్లనే కొట్టే నల్ల మేస్త్రీలూ ఉన్నారు. ఓడలో జరిగిన అత్యాచారంతో పుట్టిన జో, పాదిరీ మాటలు తలకెక్కి కన్నతల్లినే చంపుతాడు. అణచివేత మనిషి లోపల ఎట్లా కాపురం పెడుతుందో ఇంత నిర్దయగా చూపినవాళ్లు తక్కువ.

సినిమా బెర్లిన్ చిత్రోత్సవంలో పోటీకి నిలిచింది. అమెరికా పంపిణీదారులు మాత్రం ముట్టుకోలేదు. గెరీమా దేబిరించలేదు. వాషింగ్టన్‌లో తానే థియేటర్ కిరాయికి తీసుకున్నాడు. వారాల తరబడి ఆడింది. స్థానిక నల్లజాతి బృందాల అండతో ఊరూరా తిప్పాడు. కొనే దిక్కులేదని పక్కనపెట్టిన సినిమాకు టికెట్ కొన్న ఆ జనమంతా ఎవరు? లెక్కలో లేని మనుషులా?

28 ఏళ్ల తర్వాత, 2021లో, ‘సంకోఫా’ నెట్‌ఫ్లిక్స్‌లోకి వచ్చింది. అప్పుడు కూడా దాన్ని బాగుచేయించి ముందుకు తెచ్చింది పెద్ద స్టూడియోలు కాదు, ఆవా డువెర్నే అనే నల్లజాతి దర్శకురాలి సంస్థ.