ఆ క్యాన్సర్ ఎవరికి పోవాలి?

'మ్యారీ మై హజ్బెండ్' పదహారో ఎపిసోడ్ అయిపోయాక హాస్టల్లో అందరం చప్పట్లు కొట్టామని ఒక విద్యార్థిని చెప్పింది. నేనూ కొట్టినదాన్నే, అబద్ధమెందుకు.

2024 జనవరి, ఫిబ్రవరి నెలల్లో వచ్చిన కొరియన్ సీరియల్ ఇది. చూడనివాళ్ల కోసం రెండు ముక్కల్లో: కాంగ్ జివోన్‌కి కడుపులో క్యాన్సర్. ఆమె చావు బతుకుల మధ్య ఉంటే మొగుడు మిన్‌హ్వాన్, ప్రాణస్నేహితురాలు సూమిన్ ఒకటయ్యారు. నిలదీసినందుకు ప్రాణం తీశారు. కళ్లు తెరిస్తే పదేళ్లు వెనక్కి, 2013లో ఉంది. ఇక ఆ మొగుణ్ణి ఆ స్నేహితురాలికే కట్టబెట్టడం కథ.

అయితే ఇందులో ఒక రూలుంది. జరగాల్సింది జరిగే తీరుతుంది. నీకు తప్పాలంటే ఇంకొకరికి పడాలి. జివోన్ చచ్చినట్టే చివరికి మిన్‌హ్వాన్ గాజు టేబుల్ మీద పడి చస్తాడు. మనం చప్పట్లు కొట్టేది అక్కడే.

నాకు మాత్రం నిద్ర పట్టనివ్వనిది యాంగ్ జూరాన్. జివోన్ ఆఫీసులోనే పనిచేస్తుంది. నోరు మెదపకుండా పని చేసుకుపోయే మనిషి. ఒక కూతురు, మోసం చేసే మొగుడు. జివోన్ క్యాన్సర్ ఏ దుర్మార్గుడికీ పోలేదు, పక్క సీట్లో ఉన్న ఈ ఆడమనిషి కడుపులోకి వచ్చింది. అన్నిటికన్నా నిజాయితీగా రాసిన ముక్క ఇదేననిపించింది. పైవాడి మీద నుంచి బరువు దించితే, అది ఎప్పుడూ పక్కనున్న నోరులేనివాళ్ల నెత్తినే పడుతుంది కదా!

మరి జూరాన్ ఎలా బతికింది? జబ్బు ముందే బయటపడింది, ఆపరేషన్ అయింది. తర్వాత మొగుడికి విడాకులిచ్చింది. ఆమె బదులు ఎవరూ చావనక్కర్లేకపోయింది. అంటే ఆ రూలు అక్కడే పగిలిపోయింది. రచయితలు గమనించారో లేదో గాని, ముగింపులో దాని ఊసే లేదు.

'ఖర్మ' అనే మాట వింటూ పెరిగినవాళ్లం మనం. 1957లో అచ్చయిన 'బుద్ధుడు, ఆయన ధమ్మం'లో బాబాసాహెబ్ ఈ మాటతోనే తలపడ్డారు. పోయిన జన్మ పాపమే ఈ జన్మ పేదరికమని ఒప్పుకుంటే, ఆ పేదరికానికి సమాజం, రాజ్యం జవాబు చెప్పనక్కర్లేదు. అందుకే బుద్ధుడికి అలాంటి సిద్ధాంతం అంటగట్టడాన్ని ఆయన కాదన్నారు. ఈ సీరియల్ అంత దూరం పోదు, నిజమే. రాతను పక్కకు జరపొచ్చని అయినా అంటుంది. కానీ చెరిపెయ్యొచ్చని అనదు.

ముగింపులో సూమిన్ జైలుకు పోతుంది. పోలీసులు వస్తారు, శిక్ష పడుతుంది, అయిపోయింది. చుండూరు గురించి చదివిన పిల్లలు ఇది చూసి ఏమనుకోవాలి? 1991 ఆగస్టులో జరిగిన హత్యలకు ప్రత్యేక కోర్టు తీర్పు 2007లో వచ్చింది. యావజ్జీవం పడ్డ 21 మందినీ 2014 ఏప్రిల్‌లో హైకోర్టు వదిలేసింది. మనవాళ్లకు పదేళ్లు వెనక్కి పోయే టాక్సీ దొరికినా, దిగాక మళ్లీ ఎక్కాల్సింది ఆ మెట్లే.

ఇంకొకటి. జివోన్ పక్కన నిలబడ్డవాడు యూ జిహ్యుక్, కంపెనీ ఛైర్మన్ మనవడు. డబ్బు, కార్లు, మనుషులు అన్నీ అతనివే. అతను లేకుండా ఈ పగ ఎన్ని ఎపిసోడ్లు నడిచేది? పెళ్లి, పిల్లలు, నవ్వులు చూపించి ఆ ప్రశ్న మింగేశారు. సూమినేమో అదే కంపెనీలో కాంట్రాక్టు ఉద్యోగి. ఆమె చేసింది నేను సమర్థించను. కానీ పర్మినెంటు కోసం కాచుక్కూచునే మనిషిని రాక్షసిగా, వారసుణ్ణి దేవుడిగా చూపించడం కాకతాళీయం అనుకోలేను.

ఇదంతా క్లాసు బయట చెబుతుంటే ఆ చప్పట్ల విద్యార్థినే అడిగింది, "మేడమ్, మరి జివోన్ ఏం చెయ్యాల్సింది, క్షమించాలా?" అని. లేదమ్మా, అన్నాను. ఆ తర్వాత ఏం చెప్పాలో తోచలేదు. జూరాన్ ఆపరేషన్ ఖర్చు ఎవరు పెట్టారో గుర్తుందా అని అడిగాను. ఆమెకు గుర్తులేదు. నాకూ లేదు.