చెట్టెక్కడం నేర్పని పిల్లి

మా కాలేజీలో మొదటి సంవత్సరం విద్యార్థి ఒకడు మొన్న క్లాసు అయిపోయాక నా వెంటబడ్డాడు. ఆ ఇంగ్లీషు మాంత్రికుల బడి కథలు ఏడు సంపుటాలూ చదివేశాడట. "మన కథల్లో ఇంతమంది మాంత్రికులున్నారు గదా సార్, వాళ్ళకు ఒక్క బడైనా లేదెందుకు?" అన్నాడు.

తెలుగు ఎం.ఏ. చదివి, పాఠం చెప్పి జీతం పుచ్చుకుంటున్నవాణ్ణి. తెలియదంటే పరువు తక్కువ. "మంచి ప్రశ్న. రేపు చెబుతాను" అన్నాను. పంతుళ్ళకు తెలిసిన గారడీ ఇదొక్కటే!

రాత్రి పడుకుని ఆలోచిస్తే కుర్రవాడి మాట నిజమే ననిపించింది. మన మాంత్రికులు గుహల్లో, మర్రితొర్రల్లో ఒంటరిగా బతికేవాళ్ళు. 1951లో వచ్చిన పాతాళభైరవిలో నేపాళ మాంత్రికుడికి సదాజపుడనే శిష్యుడున్నమాట నిజమే. వాడికి దక్కింది విద్య కాదు, ఊడిగం. (ఆ చిత్రానికి దర్శకుడు కె.వి. రెడ్డి తాడిపత్రిలో పుట్టినవాడు, ఇంటిపేరు కదిరి. అందుచేత ఆ సినిమా మాట వస్తే మా సీమవాళ్ళం కొంచెం హక్కుగా మాట్లాడతాం.) పిల్లీ పులీ కథ మనకందరికీ అవ్వలు చెప్పిందే. పులికి అన్నీ నేర్పిన పిల్లి చెట్టెక్కడం మాత్రం దాచుకుంది, అందుకే బతికిపోయింది. మన గురువులు చాలామంది ఆ పిల్లినే గురువుగా పెట్టుకున్నట్టుంది.

కథలు సరే, నిజం మాటేమిటి? వాత్స్యాయనుడు చెప్పిన 64 కళల్లో ఐంద్రజాలమూ ఉంది, హస్తలాఘవమూ ఉంది. అంటే వంటతోనూ సంగీతంతోనూ సమానంగా నేర్చుకోదగ్గ విద్యే. 13వ శతాబ్దంలో కేతన తెనిగించి తిక్కనకు అంకితమిచ్చిన దశకుమార చరిత్రలో విద్యేశ్వరుడనే ఐంద్రజాలికుడు రాజుగారి ఎదుటే రాజకుమార్తెకు పెళ్ళి చేసేస్తాడు. రాజు అదంతా మాయ అనుకుని ముచ్చటపడి చూస్తూంటాడు. మాయామనుషులంతా వెళ్ళిపోవచ్చు ననగానే ఆ గుంపుతో పాటు నిజమైన వధూవరులు కూడా చక్కా అంతఃపురంలోకి వెళ్ళిపోతారు! కట్నాల గొడవ లేని పెళ్ళి.

15వ శతాబ్దంలో కొరవి గోపరాజు చెప్పిన సింహాసన ద్వాత్రింశికలో ఇంకా గడుసువాడున్నాడు. భార్యను విక్రమార్కుడికి అప్పగించి, దేవతల పక్షాన యుద్ధం చేస్తానని ఆకాశానికి ఎగురుతాడు. కాసేపటికి తెగిన కాళ్ళూ చేతులూ కింద పడతాయి. భార్య చితి ఎక్కుతుంది. ఆ తరవాత మనిషి నవ్వుతూ దిగివచ్చి, "నా భార్య ఏదీ?" అంటాడు. ఆకాశం నుంచి అవయవాలు రాలే ఈ వేడుకను 14వ శతాబ్దంలో ఇబన్ బతూతా చైనాలో చూశానని రాసుకున్నాడు. మన దేశపు తాడు గారడీ అని పాశ్చాత్యులు ఊగిపోయిన కథ మాత్రం 1890లో చికాగో పత్రిక ఒకటి కల్పించి రాసింది. కొన్ని నెలలకు ఆ పత్రికే అది కల్పన అని ఒప్పుకుంది. ఒప్పుకోలును ఎవరూ చదవలేదు కాబోలు, తాడు ఇంకా నిలబడే ఉంది.

ఇవన్నీ పుస్తకాల సంగతులు. తెలుగు దేశంలో ఈ విద్యనే కులవృత్తిగా చేసుకున్నవాళ్ళు విప్రవినోదులు. పేరుకు తగ్గట్టు బ్రాహ్మణుల ఇళ్ళలో శుభకార్యాలకు వెళ్ళి ప్రదర్శన ఇచ్చేవారు. విజయనగర రాజుల కాలంనాటి శాసనాలలో వీరు తమకు ఊళ్ళ నుంచి రావలసిన రాబడిని గుడికి ధారపోసిన సంగతులు కనిపిస్తాయి. ధారపోయడానికి మిగిలేటంత రాబడి ఉండేదన్నమాట! కాని విద్య తండ్రి నుంచి కొడుక్కే. కొడుకు ఉద్యోగానికి వెళితే విద్య తండ్రితోనే సరి.

ఇక బడి. ఉందండీ! 1985లో హైదరాబాదులో ఏర్పడి, ఇప్పుడు సురవరం ప్రతాపరెడ్డి పేరు పెట్టుకున్న తెలుగు విశ్వవిద్యాలయం ఇంద్రజాలంలో డిప్లొమా చదువు పెట్టింది. మా కుర్రవాడికి చెప్పడానికి జవాబు దొరికింది. నిద్రపోవచ్చు. కాని నిద్ర పట్టలేదు. నల్లమాడ జ్ఞాపకం వచ్చింది.

నల్లమాడ అప్పుడు అనంతపురం జిల్లా, 2022 నుంచి శ్రీ సత్యసాయి జిల్లా. జిల్లా మారినా వాన మారలేదు; ఈ సీమకు ఏడాదికి 55 సెంటీమీటర్లు పడితే పడినట్టు. నేను ఏడో తరగతిలో ఉండగా, కదిరి తేరు అయిపోయిన వారానికి, గారడీ తాత ఒకాయన బుట్ట నెత్తిన పెట్టుకుని మా వీధికి వచ్చాడు. మామిడి టెంక మట్టిలో పెట్టి, గుడ్డ కప్పి, "తల్లీ, ఒక చెంబు నీళ్ళియ్యి" అన్నాడు. ఆ ఏడు బోరింగులో నీళ్ళు అడుగంటినాయి. మా అవ్వ, "తాగేదానికే లేవు. నీ మాయచెట్టుకు మాయనీళ్ళు పోసుకోరాదా?" అంది. వీధంతా నవ్వింది. తాత కూడా నవ్వాడు గాని చెయ్యి చాచే ఉంచాడు. అవ్వ గొణుక్కుంటూ సగం చెంబు తెచ్చిపోసింది. గుడ్డ మొదటిసారి తీస్తే మొలక, రెండోసారి జానెడు మొక్క, మూడోసారి రెండు పిందెలు! మా కళ్ళముందు మామిడాకు నిగనిగలాడింది. చుట్టుపట్ల పచ్చనిది అదొక్కటే.

రెండు రోజులు ఆయన వెంటే తిరిగాను. మూడోరోజు రచ్చబండ దగ్గర, "పది దినాలు నాతో వస్తే చెప్పిస్తా అబ్బీ. నా కొడుకు వద్దంటాడు" అన్నాడు. ఇంటికెళ్ళి అడిగాను. మా నాయన కోప్పడలేదు. "పరీక్షలు కానీ, చూద్దాం" అన్నాడు. పరీక్షలయ్యాయి. మళ్ళీ వచ్చినప్పుడు తాత పిలిస్తే, హైస్కూలుకు పోతున్నాననే గర్వం కొద్దీ నేనే వినబడనట్టు వెళ్ళిపోయాను. ఈ మాట ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

నిరుడు ఆయన ఊరు వెతుక్కుంటూ వెళ్ళాను. తాత పోయి చాలా ఏళ్ళయింది. మనమడు ట్రాక్టరు తోలుతున్నాడు. మర్యాదగా కూర్చోబెట్టి, అటక మీది బుట్ట దించాడు. అందులో రెండు గుడ్డలూ, కడుపు తొలిచిన టెంక ఒకటీ ఉన్నాయి. "మొక్కలు బుట్టలోనే తడిగుడ్డలో చుట్టి పెట్టుకునేవాడు సార్. పొద్దస్తమానం తడపాల. అందుకే ఊరూరా నీళ్ళడిగేవాడు" అన్నాడు. అప్పుడర్థమయింది, ఆ చెంబు వేషం కాదని. టెంక నాకిచ్చేశాడు.

మర్నాడు కుర్రవాణ్ణి గదికి పిలిచి విశ్వవిద్యాలయం సంగతి చెప్పాను. టెంక కూడా చూపించి రహస్యం విప్పాను. రహస్యం పెద్దదేం కాదు, ఇంగ్లీషు పుస్తకాల్లోనూ ఉంది. మొక్కను మడిచి టెంకలో ఇమిడిస్తారు. వాడు టెంకను అటూ ఇటూ తిప్పి, "మడిచిన గుర్తు పడకుండా ఆకు మళ్ళీ ఎలా విచ్చుకుంటుంది సార్?" అన్నాడు.

ఈసారి "రేపు చెబుతాను" అనలేదు. నాకు తెలియదన్నాను.

వాడు బయటికి వెళ్ళి కాలేజీ ఆవరణలోని మామిడిచెట్టు నుంచి ఆకొకటి తెచ్చి, బల్ల మీద పెట్టి జాగ్రత్తగా మడిచాడు. ఈనె పుటుక్కున విరిగింది. కాసేపు దానివంకే చూసి, లేతది తెస్తానని మళ్ళీ వెళ్ళాడు.