నాలుగు పట్టణాల్లో ఒక్కరి ఏలుబడి ఇంకెన్నాళ్లు?

తాడేపల్లిగూడెం పురపాలక సంఘానికి చివరిసారి ఎన్నికలు జరిగింది 2014 మార్చి 30న. ఆ ఏడాది జులైలో కొలువుదీరిన పాలకవర్గం గడువు 2019 జులైతో తీరిపోయింది. అప్పటి నుంచి పట్టణం ప్రత్యేకాధికారి చేతుల్లోకి వెళ్లింది. 2021 మార్చిలో రాష్ట్రవ్యాప్తంగా పుర ఎన్నికలు జరిగినప్పుడు ఆ జాబితాలో గూడెం లేదు. అదే ఏడాది నవంబరులో, మిగిలిపోయిన వాటిలో కొన్నింటికి ఎన్నికలు పెట్టారు. అప్పుడూ దాని వంతు రాలేదు. 2024లో రాష్ట్ర ప్రభుత్వం మారినా గూడెం రాత మారలేదు. భీమవరం, తణుకు, పాలకొల్లుదీ ఇదే గతి. పశ్చిమగోదావరి జిల్లాలోని ఆరు పట్టణాల్లో 2021లో వార్డు సభ్యుణ్ని ఎన్నుకునే అవకాశం దక్కింది నరసాపురం, ఆకివీడులకు మాత్రమే. ఆఖరుకు జిల్లా కేంద్రానికే ఆ భాగ్యం లేకపోయింది. ప్రభుత్వ ఉత్తర్వులు ఈ స్థితిని ‘ప్రత్యేకాధికారి పాలన’ అంటున్నాయి. నిజానికి ఇది ఒక్కరి పాలన. దాన్ని ఆ పేరుతోనే పిలవాలి. ఇక ఆలస్యం లేకుండా దానికి తెర దించాలి.

మన రాజకీయాల్లో ‘నియంత’ అన్న మాటకు కరవు లేదు. ప్రతిపక్షంలో ఉన్నవారు అధికారంలో ఉన్నవారిని నియంత అంటారు. కుర్చీలు మారగానే అదే మాట అవతలి పక్షం అందుకుంటుంది. రాచరికం, నిరంకుశత్వం, నియంతృత్వం అన్నవి వేటికవి వేరైనా, అన్నింటినీ కలిపి ఒకే తిట్టుగా వాడేస్తున్నాం. రాచరికం పుట్టుకతో సంక్రమించే అధికారం. నియంతృత్వం పగ్గాలన్నీ ఒక్కరి గుప్పిట్లోకి చేరడం. నిరంకుశత్వం ఆ ఒక్కరినీ అదుపు చేసే అంకుశం లేకపోవడం. ఏలేవారిని నిలదీసే దారి గానీ, గడువు తీరాక ఇంటికి పంపే దారి గానీ ఏలుబడిలో ఉన్నవారికి లేకపోవడం ఈ మూడింట్లోనూ కనిపించే లక్షణం. ఆ ఒక్కరు ధర్మాత్ములా, దుర్మార్గులా అన్నది ఇక్కడ లెక్కలోకి రాదు. ఈ కొలతతో చూస్తే గూడెంలో సాగిన పాలనకు వేరే పేరు పెట్టలేం. ఈ నింద ఆ కుర్చీలో కూర్చున్న అధికారుల మీద కాదు. వాళ్లు తమకు అప్పగించిన బాధ్యతను మోశారు. ఆ బాధ్యతను ఆరు నెలలకోసారి పొడిగిస్తూ ఎన్నికల ఊసెత్తని ప్రభుత్వాలదే ఈ తప్పు.

పొడిగింపుల రుచి ఎలాంటిదో చరిత్రకు బాగా తెలుసు. ప్రాచీన రోమ్ గణతంత్రంలో నియంత అన్నది చట్టబద్ధమైన పదవి. యుద్ధమో ఉపద్రవమో వచ్చినప్పుడు ఒక్కరికి సర్వాధికారాలు కట్టబెట్టేవారు. ఆ గడువు ఆరు నెలలు మించేది కాదు. ఆ కట్టుబాటు నిలిచినంత కాలం గణతంత్రమూ నిలిచింది. క్రీస్తుపూర్వం 82లో సుల్లా గడువు లేని నియంతృత్వం చేపట్టాడు. క్రీస్తుపూర్వం 44లో జూలియస్ సీజర్ శాశ్వత నియంత అయ్యాడు. ఆ తర్వాత గణతంత్రం మళ్లీ కోలుకోలేదు. ఆపద్ధర్మంగా మొదలైన ఏర్పాటు అలవాటుగా మారినప్పుడే ప్రమాదం. తాడేపల్లిగూడేన్ని రోమ్‌తో పోల్చడం అతిశయోక్తి అనిపించవచ్చు. గడువును గౌరవించాలన్న సూత్రం మాత్రం మహాసామ్రాజ్యానికైనా మునిసిపాలిటీకైనా ఒక్కటే.

పాలకవర్గం లేకపోతే పట్టణానికి ఏం నష్టమో ఎజెండా కాగితం దగ్గర కూర్చుంటే తెలుస్తుంది. కౌన్సిల్ ఉన్న ఊళ్లో కమిషనరు ప్రతిపాదన పెడతారు, సభ్యులు చర్చిస్తారు. ఆఖరు నిమిషంలో టేబుల్ ఎజెండాగా తెచ్చిన అంశాన్ని ప్రతిపక్ష సభ్యుడు పట్టుకుంటాడు. ఫలానా కాలువ పూడిక పనికి నిరుడే బిల్లు ఇచ్చారు కదా, మళ్లీ ఎందుకని అడుగుతాడు. జీరో అవర్‌లో వార్డు సభ్యురాలు లేచి తన వీధిలో ఎన్నాళ్లుగా కుళాయి రావడం లేదో చెబుతుంది. కేకలుంటాయి, వాకౌట్లుంటాయి. అవన్నీ మినిట్స్ పుస్తకంలోకి ఎక్కుతాయి, మర్నాటి జిల్లా పేజీలో అచ్చవుతాయి. ప్రత్యేకాధికారి పాలనలో ప్రతిపాదన రాసేదీ అధికారే, ఆమోదించేదీ అధికారే. బడ్జెట్ అయినా, పన్ను పెంపు అయినా, టెండరు అయినా ఒక్క సంతకంతో తీర్మానమైపోతుంది. కాదనే గొంతు ఆ గదిలో ఉండదు. ఆ సంతకం పెట్టే అధికారి చాలాసార్లు మరో పెద్ద బాధ్యత మోస్తూ పట్టణాన్ని అదనంగా చూస్తుంటారు. బదిలీ ఉత్తర్వు వస్తే మూటాముల్లె సర్దుకుంటారు. వీధి లైటు వెలగలేదని రాత్రి పదింటికి తలుపు తట్టేందుకు జనానికి ఇల్లంటూ ఉండదు.

ఏలూరు ఈ లోటును అత్యంత కష్టకాలంలో చవిచూసింది. అక్కడి పాలకవర్గం గడువు కూడా 2019 జులైలోనే తీరింది. 2020 డిసెంబరు మొదటి వారంలో వన్‌టౌన్‌లో, దక్షిణపు వీధిలో జనం ఉన్నట్టుండి మూర్ఛతో పడిపోసాగారు. నోటి వెంట నురగ, వాంతులు, తలనొప్పి. కొద్ది రోజుల్లోనే బాధితుల సంఖ్య 600 దాటింది. మొదట అందరి అనుమానమూ తాగునీటి మీదికే పోయింది. బాధితుల రక్తంలో సీసం, నికెల్ ఉన్నట్లు ఎయిమ్స్ పరీక్షల్లో తేలింది. పురుగుమందుల అవశేషాలే కారణమని ఆ తర్వాత ప్రభుత్వం చెప్పింది. వైద్యులు, వైద్య సిబ్బంది రాత్రింబవళ్లు పనిచేశారు. ఆ మాట చెప్పుకోవాలి. పాలకవర్గం ఉంటే ఆ జబ్బు వచ్చేదే కాదనీ ఎవరూ అనరు. అయితే నీటి నమూనాలు ఎక్కడెక్కడ తీశారు, ఏం తేలింది, మార్కెట్లో కూరగాయల మీద నిఘా ఏమైంది అని సభలో నిలబడి అడిగి జవాబు రాబట్టాల్సిన 50 మంది డివిజన్ సభ్యుల స్థానాలు ఆ రోజున ఖాళీ. ఊరంతా భయంతో వణుకుతున్నప్పుడు ఊరి తరఫున మాట్లాడే అధికారం ఊళ్లో ఎవరికీ లేదు. అంతకు మించిన దుస్థితి ఏముంటుంది?

కొల్లేరు సరస్సులోని లంకల్లో ఇదే జాడ్యానికి మరో ముఖం కనిపిస్తుంది. 1970వ దశకంలో ప్రభుత్వం సరస్సు గర్భంలోని భూముల్లో చేపల చెరువులు తవ్వించి మత్స్యకార సహకార సంఘాలకు అప్పగించింది. సంఘం అంటే సభ్యులందరిదీ. ఆచరణలో చాలాచోట్ల పెట్టుబడి పెట్టిన ఆసామిదే పెత్తనమైంది. కాగితం మీద సభ్యులుగా ఉన్నవారు తమ చెరువు మీదే కూలీలయ్యారు. ఏడాదికోసారి చేతిలో పెట్టిన లీజు సొమ్మే వారి వాటా. 1999లో ఐదో కాంటూరు వరకు, 308 చదరపు కిలోమీటర్ల పైచిలుకు మేర కొల్లేరును అభయారణ్యంగా ప్రకటించారు. 2005-06లో ‘కొల్లేరు ఆపరేషన్’ పేరుతో చెరువుల గట్లు తెగ్గొట్టారు. పెట్టుబడిదారు మరో చోటు చూసుకున్నాడు. దిక్కుతోచక నిలిచింది లంకల్లోని మత్స్యకారులే. సరస్సును కాపాడాలన్న లక్ష్యాన్ని తప్పుపట్టనక్కర్లేదు. సంఘంలో ఓటున్న సభ్యుడికి నిర్ణయంలో నోరు లేకపోవడమే ఆ కథలోని విషాదం. ఇక పంచాయతీ ఎన్నికలు వస్తే, గుడికి ఎక్కువ ఇస్తామన్నవారికి సర్పంచి పదవిని వేలం వేసి కట్టబెట్టడం డెల్టా పల్లెలకు కొత్త కాదు. దానికి ఏకగ్రీవమని పేరు పెడతారు. 2021లో ఏకగ్రీవ పంచాయతీలకు రూ.5 లక్షల నుంచి రూ.20 లక్షల దాకా ప్రోత్సాహకాలు ప్రకటించిన ప్రభుత్వం, పోటీ చేసే హక్కు కంటే పోటీ లేకపోవడమే గొప్పదన్న సందేశాన్ని ఊరూరా పంపింది. మనస్ఫూర్తిగా కుదిరిన ఏకాభిప్రాయం మంచిదే. డబ్బుకో పెద్దరికానికో జడిసి నామినేషన్ వేయకపోతే అది ఏకగ్రీవం కాదు, ఊరి నోరు నొక్కడం.

చట్టం ఈ విషయంలో ఎలాంటి సందేహానికీ తావివ్వలేదు. 1993 జూన్ 1న అమల్లోకి వచ్చిన 74వ రాజ్యాంగ సవరణ ప్రకారం పురపాలక సంఘం గడువు అయిదేళ్లు, అంతకు మించి ఒక్క రోజు కూడా లేదు. ఆ గడువు తీరకముందే ఎన్నికలు పూర్తి కావాలని 243-యు అధికరణ చెబుతోంది. మధ్యలో రద్దు చేసినా ఆరు నెలల్లోపు ఎన్నికలు జరగాల్సిందే. 2006లో కిషన్‌సింగ్ తోమర్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఇదే నొక్కి చెప్పింది. ప్రభుత్వం సహకరించకపోతే రాష్ట్ర ఎన్నికల సంఘం న్యాయస్థానం తలుపు తట్టాలనీ సూచించింది. వార్డుల పునర్విభజన జరగలేదనో, రిజర్వేషన్లు తేలలేదనో ఎన్నికలను వాయిదా వేయరాదని 2022 మే నెలలో మధ్యప్రదేశ్ కేసులో మరోసారి తేల్చింది.

అయినా ఈ నాలుగు పట్టణాల విషయంలో గ్రామాల విలీనం, దానిపై కోర్టు కేసులు అన్న పాత పాటే వినిపిస్తోంది. ఏలూరులోనూ ఏడు గ్రామాల విలీనం ఉంది, కోర్టు కేసూ ఉంది. 2021 మార్చి 10న పోలింగ్ జరిగినా ఓట్ల లెక్కింపును హైకోర్టు ఆపింది. వాదనలు నడిచాయి, తీర్పు వచ్చింది, జులై 25న లెక్కింపు పూర్తయి ఆ నెలాఖరుకే మేయరు ఎన్నికయ్యారు. మనసు పెట్టినచోట చిక్కుముడి నాలుగున్నర నెలల్లో వీడింది. మనసు లేనిచోట ఆరేళ్లు గడిచినా వీడలేదు.

వార్డు సభ్యులొచ్చి ఏం ఉద్ధరిస్తారు, కమీషన్ల గొడవ తప్ప అనేవారున్నారు. వారి విసుగులో నిజం లేకపోలేదు. కౌన్సిళ్లలో అవినీతి ఉంది, క్యాంపు రాజకీయాలున్నాయి. కానీ తప్పు చేసిన వార్డు సభ్యుణ్ని అయిదేళ్లకు ఓడించవచ్చు. సంతకం చేసిన అధికారిని ఏ ఓటరు ఓడించగలడు? పైగా, మన రాష్ట్రంలో స్థానిక సంస్థల్లో సగం స్థానాలు మహిళలవి. ఎస్సీ, ఎస్టీ, బీసీలకూ వాటాలున్నాయి. ఒక్కరి పాలనలో ఏ రిజర్వేషన్ అమలవుతుంది? గూడెం కౌన్సిల్ హాలు మూతపడిన ఇన్నేళ్లూ ఆ సగం కుర్చీలూ మహిళలకు దక్కకుండా పోయినట్టే. 1996 తర్వాత పుట్టిన ఆ ఊరి యువత ఎమ్మెల్యేకు, ఎంపీకి ఓటేసింది గానీ తన వీధి ప్రతినిధిని ఎన్నుకునేందుకు ఒక్కసారీ పోలింగ్ కేంద్రానికి వెళ్లలేదు. 2015లో వచ్చిన నిట్‌తో, ఎప్పటి నుంచో పేరున్న ఉల్లి మార్కెట్‌తో, ధాన్యం మిల్లులతో వేగంగా పెరుగుతున్న పట్టణమిది. రోడ్లు, డ్రైనేజీ, చెత్త గురించి దాని తరఫున మాట్లాడేవారు ఎవరు?

ఈ పాపంలో ఏ పార్టీ చేతులూ శుభ్రంగా లేవు. 2018 ఆగస్టులో రాష్ట్రంలో పంచాయతీల గడువు తీరినప్పుడు అప్పటి ప్రభుత్వం ఎన్నికలు పెట్టలేదు. తర్వాతి ప్రభుత్వంలో 2021 ఫిబ్రవరి దాకా సాగదీత నడిచింది. పొరుగున తెలంగాణలో 2024 ఫిబ్రవరి నుంచి పంచాయతీలు ప్రత్యేకాధికారుల కిందికి వెళ్లాయి. 2025 డిసెంబరులో ఎన్నికలు జరిగే దాకా అక్కడి పల్లెలకు ఆర్థిక సంఘం నిధులు ఆగిపోయాయి. ముంబై మహానగరం 2022 మార్చి నుంచి ఏళ్ల తరబడి అధికారి చేతిలోనే నడిచింది. ఎక్కడ చూసినా సూత్రం ఒక్కటే. స్థానిక సభ లేకపోతే పైనున్నవారి మాటకు ఎదురుండదు. ఓడిపోతామన్న అనుమానం ఉన్నచోట ఎన్నిక ఆగుతుంది.

అందుచేత రాష్ట్ర ప్రభుత్వం తాడేపల్లిగూడెం, భీమవరం, తణుకు, పాలకొల్లు పురపాలక సంఘాల కేసులపై కాలయాపన మాని, త్వరగా విచారించాలని హైకోర్టును కోరాలి. విలీనం తేలకపోతే పాత సరిహద్దులతోనే ఎన్నికలు జరపాలి. ప్రభుత్వం కదలకపోతే రాష్ట్ర ఎన్నికల సంఘం 2006 తీర్పు చూపించిన దారిలో కోర్టుకెక్కాలి. ప్రత్యేకాధికారి గడువును ఆరు నెలలకు మించి పొడిగించే వీలు లేకుండా చట్టాన్ని సవరించాలి. ఆ ఆరు నెలల్లోనూ అధికారి చేసే ప్రతి తీర్మానాన్నీ కారణాలతో సహా వార్డు సచివాలయాల్లో అతికించాలి, బడ్జెట్‌ను వార్డు సభల ముందు పెట్టాలి. 2021లో ఏర్పడిన పాలకవర్గాల అయిదేళ్ల గడువు 2026తో తీరుతుంది. వాటిలో ఏ ఒక్కదానికీ ఈ గతి పట్టనీయకూడదు. ఏకగ్రీవాలకు ప్రోత్సాహకాలిచ్చే విధానానికి స్వస్తి చెప్పాలి. పదవుల వేలంపై కేసులు పెట్టాలి.

పార్టీలకు ఒక మాట. ఎదుటివారిని నియంత అని వేలెత్తి చూపే హక్కు కావాలంటే, ముందు మీ ఏలుబడిలోని ఊళ్లలో ఓటు పెట్టెలు తెరిపించండి. గూడెం, భీమవరం, తణుకు, పాలకొల్లు పౌరులకు మరో మాట. మీ ఎమ్మెల్యే మీ వీధిలోకి వచ్చినప్పుడు రోడ్డు అడగండి, నీళ్లు అడగండి. వాటితో పాటు వార్డు ఎన్నిక ఎప్పుడో తేదీ కూడా అడగండి. జవాబు వచ్చే వరకూ అడగండి.