గడువు విద్యార్థికేనా?

పరీక్ష రుసుము చెల్లించుటలో ఒక్క దినము జాగైనను విద్యార్థి అపరాధ రుసుము కట్టవలెను. పునర్మూల్యాంకనమునకు దరఖాస్తు గడువు దాటినచో వాని మొర వినువారు లేరు. మరి రుసుము పుచ్చుకొని నెలల తరబడి మిన్నకుండు విశ్వవిద్యాలయపు దఫ్తరుకు గడువేది? దానికి అపరాధ రుసుమెవరు విధింతురు?

కృష్ణాతీరపు పల్లెలనుండి కొల్లాపురమునకు వచ్చి, అచటినుండి బస్సెక్కి, ఒకనాటి కూలి పోగొట్టుకొని, "వచ్చే వారము రమ్ము" అను మాటతో మరలివచ్చు తండ్రుల నెరుగని వకీలు ఈ ప్రాంతమున లేడు. ఈలోగా పై తరగతి ప్రవేశములు ముగియును. అటుపిమ్మట వచ్చు ఉత్తీర్ణత పెండ్లి ముగిసిన పిదప వచ్చిన మేళము వంటిది.

2019 ఏప్రిలు 18న తెలంగాణ ఇంటర్మీడియటు ఫలితములు వెలువడినప్పుడు మూడు లక్షలకు పైగా విద్యార్థులు తప్పిరి. తెలుగున 99 మార్కులు రావలసిన యొక బాలికకు సున్న పడెను. ఇరువదిమందికి పైగా పిల్లలు ప్రాణములు తీసికొనిరి. వ్యాజ్యము హైకోర్టు కెక్కెను. తప్పినవారి పత్రములన్నియు రుసుము లేకయే మరల పరిశీలింపబడెను. మే 27న 1,137 మంది ఉత్తీర్ణులని తేలెను. "ఇంతేకదా" యని పెదవి విరిచినవారు కలరు! ఎవరికివారు రుసుము కట్టి అడుగవలసియుండిన, ఆ 1,137 మందిలో నెందరు అడుగగలిగియుందురు?

చట్టము విద్యార్థికి సర్వము నొసగలేదు. ఆ మాట దాచుట తగదు. నియమావళిలో లేని పునర్మూల్యాంకనమును హక్కుగా కోరరాదని సుప్రీంకోర్టు 1984లో మహారాష్ట్ర బోర్డు వ్యాజ్యమున తీర్పు చెప్పెను. పరీక్ష నడపుట సేవ నమ్ముట కాదని 2009లో బీహారు బోర్డు వ్యాజ్యమున నిర్ణయించెను. కావున వినియోగదారుల న్యాయస్థానమునకు పరుగిడి కాలము వ్యర్థము చేసికొనకుడు. కాని నియమముండి, రుసుము పుచ్చుకొని, పని చేయకుండుట వేరు సంగతి. రాజ్యాంగపు 226వ అధికరణము క్రింద హైకోర్టు గడువు విధించి ఆ పని చేయింపవచ్చును. న్యాయమూర్తి పత్రము దిద్దడు, దిద్దవలసినవారిచే దిద్దించును. అంతకుముందు వ్రాతమూలకముగా కోరి, తపాలా రశీదు భద్రపరుపవలెను. ఆ చిన్న కాగితము లేకయే మంచి వ్యాజ్యములు నీరుగారుట మేము చూచితిమి.

సమాధానపత్రము సమాచారమేయని, విద్యార్థి దానిని చూచి నకలు పొందవచ్చునని సుప్రీంకోర్టు 2011లో ఆదిత్య బందోపాధ్యాయ వ్యాజ్యమున తేల్చెను. 2005 సమాచార హక్కు చట్టము ప్రకారము 30 దినములలో బదులీయవలెను. నిష్కారణముగా జాగుచేసిన యధికారికి దినమునకు 250 రూపాయలు, 25,000 మించకుండ జరిమానా. పత్రములను కొంతకాలమే దాచుదురు గనుక వెంటనే అడుగుట మేలు. వకీలు ఖర్చునకు వెరచువారు 1987 న్యాయసేవల చట్టమును తలచుకొందురు గాక. స్త్రీలకు, బాలలకు, షెడ్యూల్డు కులములకు, తెగలకు ఆదాయముతో నిమిత్తము లేకయే ఉచిత సహాయము కలదు.

ఇంత తంటా యేల? పునర్మూల్యాంకన ఫలితము 30 దినములలో ఈయవలెను, గడువు దాటిన రుసుము మరలింపవలెను, ఫలితము వచ్చువరకు పై తరగతిలో తాత్కాలికముగా చేర్చుకొనవలెను అని పాలకవర్గములు నియమములు చేసికొనుట కడ్డేమి? ఆ నియమములు వచ్చువరకు పఠనాలయ మిత్రులు సాయంకాలమున ఒక గంట కూర్చుండి, అడిగిన విద్యార్థికెల్ల దరఖాస్తు వ్రాసిపెట్టవలెనని కోరుచున్నాము.