ఆ తీగ తీసేయండి

2025 జనవరిలో మదనపల్లె దగ్గరి అడవిలో ఒక చిరుత ఉచ్చులో చిక్కుకుని చచ్చిపోయింది. విషయం రాష్ట్రమంతా పాకింది. అటవీ శాఖ కూడా చూస్తున్న ఉపముఖ్యమంత్రి పవన్ కల్యాణ్ విచారణకు ఆదేశించారు. ఈ వైపు పల్లెల్లో ఉచ్చులు వేసేది ఎక్కువగా పందుల కోసం, కుందేళ్ల కోసం. పొదలో బిగించిన తీగ మాత్రం వచ్చింది పందా, చిరుతా, మేత వెతుక్కుంటూ దారి తప్పిన దూడా అని చూడదు. మెడ దూరితే బిగుసుకుంటుంది, కాలు పడితే కోసుకుపోతుంది. విడిపించుకోవాలని ఎంత గుంజుకుంటే అంత లోతుకు దిగుతుంది.

మదనపల్లె, పుంగనూరు, కుప్పం రైతులకు ఈ విజ్ఞప్తి ఆ తీగ గురించే. పొదల్లో వేసే ఉచ్చు తీగ, పొలం చుట్టూ కరెంటు ఇచ్చి లాగే తీగ, రెండూ పోవాలి.

తీగ కట్టే రైతును రాక్షసుడని అనడం అన్యాయం. అతని కష్టం ముందు చెప్పుకోవాలి. దేశంలోనే పేరుమోసిన టమోటా మార్కెట్టు మదనపల్లెది. ఆ మార్కెట్టుకు వచ్చే ఒక్కో బుట్ట వెనక నారు, మల్చింగ్ షీటు, డ్రిప్పు పైపులు, ఊతకర్రలు, కూలీలు, మందులు, వాటి కోసం తెచ్చిన అప్పు ఉంటాయి. ఆ తోటల మీద రాత్రిళ్లు ఏనుగులు పడతాయి. పెద్ద ఏనుగు రోజుకు సుమారు 150 కిలోల మేత తింటుంది. అయినా అది తిన్నదానికన్నా తొక్కింది ఎక్కువ. మంద ఒక రాత్రి తోటలో నడిచిపోతే తెల్లారేసరికి కాయలే కాదు, పైపులు, కర్రలు కూడా మిగలవు. అరటి, చెరకు, మామిడి, వరి, రాగి ఏదైనా అంతే. పంట చేతికొచ్చే పది రోజుల ముందు ఇలా జరిగితే ఆ ఇంట్లో ఏం జరుగుతుందో పట్నంలో కూర్చుని జంతుప్రేమ గురించి మాట్లాడేవాళ్లకు తెలియదు.

ఈ ఏనుగులు కొత్తగా దారి తప్పి వచ్చినవి కావు. సుమారు రెండు వందల ఏళ్లపాటు ఆంధ్ర అడవుల్లో అడవి ఏనుగు లేదని చెబుతారు. 1980లలో హోసూరు, ఆనేకల్ వైపు నుంచి మందలు కుప్పం, పలమనేరు అడవుల్లోకి దిగాయి. అక్కడ కరువు, అడవి నరికివేత. ఇక్కడ కౌండిన్య, కైగల్ వాగుల నీళ్లు, వెదురు. 1990లో ప్రభుత్వం సుమారు 358 చదరపు కిలోమీటర్ల అడవిని కౌండిన్య అభయారణ్యంగా ప్రకటించింది. 2003లో 766 చదరపు కిలోమీటర్లతో రాయల ఏనుగుల రిజర్వు వచ్చింది. కుప్పంలో ఒకే వీధిలో తెలుగు, తమిళం, కన్నడం వినిపిస్తాయి. ఏనుగులకూ అంతే, మూడు రాష్ట్రాలూ వాటికి ఒకటే అడవి. వాటిని ‘వెనక్కి పంపేయండి’ అని అడగడం తేలిక. పంపడానికి వెనక ఖాళీ అడవి ఎక్కడుంది? తమిళనాడు తరిమితే ఇక్కడికి, ఇక్కడ టపాసులు కాలిస్తే కోలారు జిల్లాకు, అక్కడ తరిమితే మళ్లీ రామకుప్పానికి. నలభై ఏళ్లుగా జరుగుతున్నది ఇదే.

కాబట్టి అవి ఉంటాయి. వాటితో ఎలా బతకాలన్నదే మిగిలిన ప్రశ్న.

కరెంటు తీగ దానికి జవాబు కాదు. అది సోలార్ కంచె లాంటిదీ కాదు. సోలార్ కంచెలో పారేది క్షణంలో చిన్న భాగంపాటు కొట్టి ఆగిపోయే విద్యుత్తు. వోల్టేజీ చాలా ఎక్కువైనా, తగిలిన జంతువు ఉలిక్కిపడి వెనక్కి తగ్గుతుంది, చావదు. బోరు మోటారు స్టార్టరు నుంచో, స్తంభం మీది లైను నుంచో నేరుగా లాగిన తీగలో కరెంటు ఆగకుండా పారుతుంది. తగిలినవాడి కండరాలు బిగుసుకుపోతాయి, చెయ్యి వదలదు. చీకట్లో ఆ తీగ తగిలేది ఏనుగుకే అని ఎవరూ హామీ ఇవ్వలేరు. రాత్రి మోటారు వేయడానికి వెళ్లే పక్క పొలం రైతుకు తగలొచ్చు. పొద్దున్నే మేకల్ని తోలుకెళ్లే పిల్లాడికి తగలొచ్చు. తీగ కట్టిన రైతే మరిచిపోయి దాని మీద కాలు వేసిన సంగతులూ రాష్ట్రంలో ఉన్నాయి. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టంలో ఏనుగు, చిరుత, ఎలుగుబంటి మొదటి షెడ్యూలులో ఉన్నాయి. వాటిని చంపితే 3 నుంచి 7 ఏళ్ల జైలు. మనిషి చనిపోతే ఆ కేసు వేరు. పంట పోతే ఒక సీజను పోతుంది. తీగ వల్ల ప్రాణం పోతే ఆ కుటుంబం కోర్టుల చుట్టూ తిరగాలి.

రాత్రి కాపలా ఒంటరిగా చేయొద్దు. ఏనుగు అడుగు మెత్తటిది. అంత పెద్ద శరీరం పది గజాల దూరానికి వచ్చినా చప్పుడు వినపడకపోవచ్చు. మందలో గున్న ఉంటే తల్లి ఊరుకోదు. మదంలో ఉన్న ఒంటరి మగ ఏనుగు దగ్గరకు అసలే పోకూడదు. ఊరి చివర ఏనుగు కనపడగానే వందమంది గుమిగూడి, కేకలేసి, రాళ్లు రువ్వి, సెల్‌ఫోన్లలో వీడియోలు తీయడం ఈ మధ్య మామూలైపోయింది. నాలుగు వైపులా జనం ఉంటే ఏనుగుకు దారి మిగలదు, అప్పుడది మనిషి మీదికే వస్తుంది. యువకులు ఇది తప్పక వినాలి. 2025 ఫిబ్రవరిలో శివరాత్రికి ముందు రైల్వేకోడూరు వైపు గుండాలకోనకు అడవిలో నడిచి వెళ్తున్న భక్తుల మీద ఏనుగులు పడ్డాయి, ప్రాణాలు పోయాయి. చీకట్లో అడవి దారి పట్టొద్దని ఎందుకు చెబుతారో ఆ రాత్రి అందరికీ తెలిసింది.

వాహనాలు నడిపేవాళ్లకూ ఒక మాట. 2023 జూన్‌లో పలమనేరు దగ్గర చెన్నై–బెంగళూరు రహదారి దాటుతున్న మూడు ఏనుగులు వాహనం ఢీకొని చనిపోయాయి. మొగిలి, పలమనేరు మీదుగా రాత్రి వెళ్లే ప్రతి లారీ, ప్రతి టమోటా బండి వేగం తగ్గించాలి. పది నిమిషాలు ఆలస్యమైతే మార్కెట్టులో రేటు పడిపోదు.

ఇక పశువుల సంగతి. పుంగనూరు అంటే పొట్టి ఆవులు. సుమారు మూడడుగుల ఎత్తుండే ఆ ఆవులను, లేగలను రాత్రి బయట కట్టేస్తే చిరుతకు తేలిక. తలుపున్న కొట్టంలో కట్టాలి. ఊరి పక్కన కోళ్ల వ్యర్థాలు, చెత్త పోస్తే కుక్కలు చేరతాయి, కుక్కల కోసం చిరుత వస్తుంది. ఎలుగుబంటి ఎదురుపడేది ఎక్కువగా తెల్లవారుజామున, పొద్దుగూకేటప్పుడు, చింతపండుకూ సీతాఫలాలకూ అడవి అంచుకు పోయినప్పుడు. ఇద్దరు ముగ్గురు కలిసి, గట్టిగా మాట్లాడుకుంటూ నడిస్తే అదే తప్పుకుంటుంది.

జనం ఇంత చేస్తే ప్రభుత్వం చేయాల్సిందీ ఉంది. 2025 మేలో కర్ణాటక ప్రభుత్వం కృష్ణ, అభిమన్యు, దేవ, రంజన్ అనే నాలుగు కుంకీలను, అంటే అడవి ఏనుగులను తరిమేలా శిక్షణ పొందిన ఏనుగులను, మన రాష్ట్రానికి ఇచ్చింది. వాటి కోసం పలమనేరు దగ్గర ముసలమడుగులో శిబిరం ఏర్పాటైంది. అంతకుముందు నుంచే నన్నియాలలో జయంత్, వినాయక్ అనే కుంకీలు ఉండేవి. మనిషి ప్రాణం పోతే ఇచ్చే పరిహారాన్ని 5 లక్షల నుంచి 10 లక్షల రూపాయలకు పెంచుతున్నట్టు ప్రకటన వచ్చింది. మంచిదే. కానీ తీగ వైపు రైతు చెయ్యి వెళ్లేది పంట నష్టం లెక్క రాసుకున్నవారు మళ్లీ కనపడనప్పుడే. తొక్కిన చేనును రెండు రోజుల్లో చూసి, అదే సీజనులో డబ్బు జమచేస్తే సగం తీగలు వాటంతట అవే పోతాయి. కేరళ సరిహద్దున ఉన్న తమిళనాడు కొండపట్నం వాల్పారైలో నేచర్ కన్జర్వేషన్ ఫౌండేషన్ వాళ్లు ఏనుగులు ఎక్కడున్నాయో ఎస్సెమ్మెస్‌తో చెబుతూ, దగ్గరికొస్తే ఎర్రదీపాలు వెలిగేలా చేశారు. ఎర్రదీపం చూసినవాళ్లు ఆ దారి మానేస్తారు. అడవి అంచున ఉన్న వి.కోట, బైరెడ్డిపల్లె, సోమల ఊళ్లకు ఇలాంటిది ఇవ్వడం పెద్ద ఖర్చు కాదు.

శ్రీకాళహస్తి ఈ సీమదే. సాలెపురుగు, పాము, ఏనుగు అక్కడ శివుణ్ణి కొలిచాయన్న కథ ఇక్కడి ప్రతి ఇంట్లో తెలుసు. గుళ్లో హస్తికి దండం పెట్టిన చేతులే రాత్రి తీగకు కరెంటు ఇవ్వడం చూడలేని సంగతి.

అందుకే ఒక్క పని అడుగుతున్నాం. ఈ సాయంత్రం పొలానికి వెళ్లినప్పుడు గట్టు చుట్టూ ఒకసారి తిరగండి. ఉచ్చు కనిపిస్తే విప్పి ఇంటికి తెచ్చేయండి. స్టార్టరు పెట్టె నుంచి తీగ పోతుంటే ముందు మెయిన్ ఆపండి, తర్వాత విడదీయండి. పక్క పొలంలో ఉంటే ఆ రైతుతో మాట్లాడండి. వినకపోతే లైన్‌మన్‌కు, అటవీ బీటు ఆఫీసరుకు చెప్పండి. ఏనుగుల మంద ఊరి వైపు వస్తోందని తెలిస్తే మీ వీధిలో అందరికీ ఫోన్ చేసి, ఇంట్లోనే ఉండండి.